క్లిప్పుల సంచి

ఇవాళ పొద్దున మబ్బు కొండ దిగి పొగాకు కొట్టం దాకా వచ్చి ఆగిపోయింది. కురిసేదీ కాదు, తొలగేదీ కాదు. వసారాలో నిలబడి కాసేపు చూసి, చివరికి బట్టలు ఆరేశాను. సోమవారం మరి. ముప్పై మూడేళ్లుగా ఈ ఇంట్లో సోమవారం బట్టలు ఆరాల్సిందే, ఆకాశం ఒప్పుకున్నా ఒప్పుకోకపోయినా.

క్లిప్పుల సంచిలో చెయ్యి పెట్టినప్పుడల్లా అడుగున వేళ్లకు చల్లగా ఒకటి తగులుతుంది. పికప్ ట్రక్కు రెండో తాళంచెవి. పదకొండేళ్ల కిందట అది పారేసుకున్నానని నా మొగుడు రాయిస్‌తో అబద్ధం చెప్పాను. "నీ చేతికి తాళంచెవి ఇచ్చినోణ్ణి నన్ననాలి. ఇకమీద ఎక్కడికెళ్లాలన్నా నన్నడుగు, నాడీన్," అన్నాడు. చర్చి విందుల్లో అదే మాట చెప్పి అందరినీ నవ్వించాడు. నేనూ నవ్వాను. ఆ తాళంచెవిని ఒక్కసారీ వాడలేదు. కానీ అది అక్కడ ఉందని తెలిసి వంట చేయడం వేరు, లేదని తెలిసి చేయడం వేరు.

మార్చిలో డెలేనీ రూక్ వచ్చింది. తళుకుల బట్టలేసుకుని స్టేడియాల్లో పాప్ పాటలు పాడే పిల్ల, ఇప్పుడు మా కొండపల్లెల కంట్రీ పాటలతో ఆల్బమ్ చేస్తోందట. అట్ట మీద బొమ్మకి కొండ పక్క ఇల్లూ దండెమూ కావాలన్నారు నాష్‌విల్ రికార్డు కంపెనీ నుంచి వచ్చినవాళ్లు. నా దండెం, నా క్లిప్పులు, నా ఏప్రన్ తీసుకుని, నన్ను మాత్రం కెమెరాకి అడ్డం రాకుండా కోళ్లగూడు దగ్గర నిలబడమన్నారు. ఆ పిల్ల చొక్కాలను భుజాల దగ్గర పట్టి ఆరేస్తోంది. చూడలేక దగ్గరికెళ్లాను.

"కింది అంచు పట్టి తలకిందులుగా వేయాలమ్మా. భుజాల మీద క్లిప్పు గుర్తులు పడితే మా అత్త ఊరుకునేది కాదు. 'నా కొడుకు నీ బద్ధకాన్ని భుజాలమీద మోసుకు తిరుగుతున్నాడే' అనేది."

ఆ పిల్ల పకపకా నవ్వింది. ఇంకో క్లిప్పు కోసం సంచి అడుగుదాకా చెయ్యి పెట్టి తాళంచెవి పైకి తీసింది. "ఇదేంటండీ?"

నన్ను ఏదైనా అడిగి, జవాబు కోసం ఆగిన మనిషిని ఈ ఇంట్లో నేను చూడలేదు. ఆ పిల్ల ఆగింది. చెప్పేశాను. కళ్లు తుడుచుకుని, "ఎవరికీ చెప్పనండీ, ఒట్టు," అంది. ఆ క్షణాన నిజంగానే అని ఉంటుంది.

మొన్న శనివారం ఆల్బమ్ వచ్చింది. రాయిస్ దాన్ని చంకన పెట్టుకుని దాణా కొట్టుకీ చర్చికీ తిప్పాడు. "మన దండెం చూడండ్రా, దేశమంతా తిరుగుతోంది," అన్నాడట. ఇవాళ తన చెల్లెలింటి నుంచి రికార్డు ప్లేయరు తెచ్చి, మధ్యాహ్నం భోజనం వేళకి పెట్టాడు. నేను ఉల్లిపాయ కోస్తున్నాను.

ఆరో పాటలో ఒకావిడ చొక్కాలు తలకిందులుగా ఆరేస్తోంది.

"అచ్చం మా అమ్మ పద్ధతే," అని నవ్వాడు రాయిస్. కాలితో తాళం వేస్తున్నాడు.

పాటలో ఆవిడ క్లిప్పుల సంచి అడుగునుంచి, పోయిందని చెప్పిన తాళంచెవి తీసింది. తడి బట్టలు దండెం మీదే వదిలేసి ట్రక్కు ఎక్కింది. వెనక ఫిడేలు పరుగెడుతోంది.

రాయిస్ కాలు ఆగిపోయింది. లేచాడు. జాలీ తలుపు కొట్టుకుంది.

వంటింటి కిటికీలోంచి చూశాను. తన చొక్కాల మధ్య నిలబడి సంచిని గడ్డిలో బోర్లించాడు. వంగాడు. లోపలికొచ్చి, నడుముకున్న గుత్తి తీసి, దానికి రెండో తాళంచెవి ఎక్కించాడు. నన్నేమీ అడగలేదు. రికార్డులో ఆ పిల్ల ఏడో పాట పాడుతోంది. వెళ్లి ఆపేశాడు.

బీన్స్, మొక్కజొన్న రొట్టె, ఉల్లిపాయ ముక్కలు బల్లమీద పెట్టాను. రోజూ బిగ్గరగా చేసే ప్రార్థన ఇవాళ చేయలేదు. ఎదురెదురుగా కూర్చుని తిన్నాం. రెండు తాళంచెవులూ అతని నడుము దగ్గర గలగలమంటున్నాయి.

కాసేపటికి చినుకులు మొదలయ్యాయి. రాయిస్ కిటికీలోంచి దండెం వైపు చూశాడు. తర్వాత నావైపు చూశాడు.

నేను రొట్టె ఇంకో ముక్క విరిచి బీన్స్‌లో ముంచుకున్నాను.