ఎరుకమ్మ దగ్గరున్న మాట

బాంబూఫ్లాట్ జెట్టీలో పొద్దుటి ఫెర్రీ కదిలే ముందు జరిగేవన్నీ రోజూ ఒక్కలాగే జరుగుతాయి. స్కూటర్లవాళ్ళు హారన్లు కొట్టుకుంటూ ముందుకు తోసుకొస్తారు. ఆఫీసులకి వెళ్ళేవాళ్ళు నీడపట్టున బెంచీ వెతుక్కుంటారు. చాయ్ గ్లాసులు చేతులు మారతాయి. గాలి బాగా ఉండి నీళ్ళు జెట్టీ స్తంభాల్ని బాదుతున్న రోజైతే, ఫెర్రీ నడిపే సెరాంగ్ నాగరాజు పై కిటికీలోంచి తల బయటపెట్టి కేకేస్తాడు.

“మౌసీ! చాయ్ అంతా ఒలికిపోతంది. థోడా ఆ మాట అనరాదా?”

ఎరుకమ్మ బెంచీ మీంచి మోకాళ్ళు పట్టుకుని లేస్తుంది. కొంగు దోపుకుని జెట్టీ అంచుకి వెళ్ళి, అల్లరి చేసే పిల్లవాణ్ణి పిలిచినట్టు కాస్త వంగి, నీళ్ళతో అంటుంది.

“అటరాక్సియా.”

అంతే. ఇస్త్రీ చేసిన దుప్పటిలా నీళ్ళు సర్దుకుంటాయి. జనం ఎక్కుతారు. ఎవరూ ఆశ్చర్యపోరు. కొత్తగా వచ్చిన టూరిస్టులు ఫోన్లు తీసేలోగా పని అయిపోయి ఉంటుంది. వలలు వేసుకున్న రోజుల్లో మాత్రం మన బెస్తవాళ్ళు ముందే వచ్చి చెప్పుకుంటారు. “ఒదినా, ఈ పూటకి ఒగ్గేయ్. నీళ్ళు కదలకపోతే చేప కదల్దు.” ఎరుకమ్మ సరేనంటుంది. ఆ పూట నాగరాజు చాయ్ ఒలుకుతుంది.

ఆ మాట ఆమెకి చేపల బుట్ట దగ్గర దొరికింది. భీమిలి దగ్గరి ఊరి నుంచి పెళ్ళయి ఓడెక్కి ఈ దీవులకి వచ్చిన ఎరుకమ్మ బడి మొహం చూడలేదు. చేపలు అమ్ముకుంటూ, పొట్లాలు కట్టే పాత కాగితాల మీద కూడబలుక్కుంటూ అక్షరాలు నేర్చింది. ఏ కాగితాన్నీ చదవకుండా చేపకి చుట్టేది కాదు. ఒకసారి చిత్తుకాగితాల కట్టలో అట్టలు ఊడిపోయిన ఇంగ్లీషు తెలుగు నిఘంటువు వచ్చింది. రోజూ ఒక పేజీ చదవడం, దాన్లో చేప కట్టి ఇచ్చెయ్యడం. అలా ఎన్నో మాటలు బాంబూఫ్లాట్ వంటిళ్ళలోకి వెళ్ళిపోయాయి. ఆ మాట ఉన్న పేజీ మీద అప్పటికే కోనాం చేప ముక్కల నీళ్ళు కారాయి. మాట మిగిలింది, పలికే తీరు మిగిలింది, అర్థంలో “ప్రశాంతత” అన్న మొదటి ముక్క మిగిలింది. తక్కినదంతా అలుక్కుపోయింది.

సముద్రం మీద బతికే ఇంట్లో ప్రశాంతత అంటే ఇంకేముంటుంది? నీళ్ళు ఊరుకోవడమే. ఆ సాయంత్రం రేవులో కాళ్ళు కడుక్కుంటూ, మాట ఎలా ఉందో చూద్దామని పైకి అంది. సముద్రం విని ఊరుకుంది.

ఇంకో సంగతి కూడా ఉంది. అది ఎరుకమ్మకి తప్ప ఎవరికీ తెలీదు. మాట అనగానే అది ఆమె దగ్గర ఉండదు. ఎంత తడుముకున్నా గుర్తురాదు. మళ్ళీ ఏ సాయంత్రానికో నీళ్ళు లేచినప్పుడు, నాలుక మీద ఉప్పగా తగిలి తిరిగొచ్చేస్తుంది. నీళ్ళు దేన్నీ దాచుకోవు కదా.

ఈ మధ్య ఎరుకమ్మకి ఆ సాయంత్రాల మీదే ప్రాణం. మిగతావి పోతున్నాయి. కూరలో ఉప్పు వేశానో లేదో తెలియక మళ్ళీ వేస్తోంది. పక్కింటావిడ గవరమ్మని నోరారా పిలుద్దామంటే పేరు రాక “ఇదిగో” అని సరిపెట్టుకుంటోంది. ఒకరోజు ఇంటికొచ్చే మలుపు దాటిపోయి, దాటానని తెలిసేసరికి చెమటలు పట్టాయి. ఆ రోజు కూడా పొద్దుగూకేసరికి మాట తిరిగొచ్చింది. గుమ్మంలో కూచుని దాన్ని నోట్లోనే అటూ ఇటూ తిప్పుకుంటూ, “ఇంకా నేను నేనే” అనుకుంది.

ఆమె మనవరాలు సుమ ఆ ఫెర్రీ మీదే లస్కరు. తాళ్ళు విసిరి కట్టడం, బళ్ళు సర్దించడం ఆమె పని. నాగరాజు రిటైరవుతున్నాడు. ఆ చోటికి సుమ రావాలని అతని కోరిక, సుమ కోరిక కూడా. అందుకు సెరాంగ్ పరీక్ష నెగ్గాలి. పడవని ఫీనిక్స్ బే రేవు నుంచి హార్బరు ముఖద్వారం దాకా తీసుకెళ్ళి, ఎదురుగాలిలో తిప్పి, అలల మీద తెచ్చి జెట్టీకి ఆనించి చూపించాలి. నీళ్ళు కదలకపోతే పరీక్ష పెట్టే ఆఫీసరు చూడ్డానికేముంది?

మొదటిసారి ఎరుకమ్మ అలవాటుకొద్దీ పొద్దున్నే మాట అనేసింది. సముద్రం అద్దంలా అయింది. ఆఫీసరు ఆవలించి, ఇంకో తేదీ ఇచ్చి పోయాడు. రెండోసారీ అదే జరిగింది. ఆ సాయంత్రం సుమ యూనిఫాంలోనే వంటింటి గడప మీద కూలబడింది.

“ముందే చెప్తే నేనెందుకంటానే?” అంది ఎరుకమ్మ.

“చెప్పాను మామ్మా. రాత్రి చెప్పాను. పొద్దున్న చెప్పాను. జెట్టీ మెట్ల మీద చెయ్యి పట్టుకుని మరీ చెప్పాను.”

“నానేటన్నాను?”

“‘నాకేమన్నా పిచ్చేటే, గుర్తుండదా’ అన్నావు.”

ఇద్దరికీ నవ్వొచ్చింది. నవ్వుతూనే ఎరుకమ్మ మొహం తిప్పుకుంది. మాట ఇచ్చిన సంగతి ఆవగింజంత కూడా గుర్తులేదు.

“ఇంకోసారి పెడతారా?”

“ఇదే ఆఖరు. ఈసారీ జరక్కపోతే వేరే ఫెర్రీ వాళ్ళని తెస్తారట.”

“అయితే నన్ను డాలీగంజ్‌లో మీ సీతాలత్త ఇంటికి పంపీ. గదిలో పెట్టి గొళ్ళెం వెయ్యమను.”

“డాలీగంజ్ నుంచి అన్నా సముద్రం వింటది మామ్మా. దానికి చెవులెక్కువ.” సుమ అరచేతులు చూసుకుంది. “నిజం చెప్పనా? పరీక్ష ఆగిపోయిన రెండుసార్లూ లోపల్లోపల హమ్మయ్య అనుకున్నాను. నాన్న దోనె తిరగబడినప్పుడు నేను ఒడ్డునే ఉన్నాను కదా. అల లేచిందంటే నా చేతులు నావి కావు. చక్రం పట్టుకుంటే వేళ్ళు బిగుసుకుపోతాయి. నాగరాజు భయ్యాకి కూడా చెప్పలేదు.”

ఎరుకమ్మ పొయ్యి కట్టేసింది. ఆ దోనెతో పోయిన సుమ నాన్న నూకన్న తన కొడుకు. ఆ రోజు మాట తన దగ్గర ఇంకా లేదు. దొరికింది ఆ తర్వాతే. దాని గురించి ఇంట్లో ఇద్దరూ ఎప్పుడూ మాట్లాడుకోరు.

వారం తిరక్కుండా ఫెర్రీలో గురునాథం మాస్టారు కనిపించాడు. డాలీగంజ్‌లో ఉంటాడు. ఇంగ్లీషు చెప్పి రిటైరైనవాడు. బాంబూఫ్లాట్‌లో ఉన్న కూతుర్ని చూడ్డానికి వస్తూ పోతూ ఉంటాడు. ఎరుకమ్మ జరిగి ఆయనకి చోటిచ్చింది.

“మాస్టారూ, ఆ మాటకి అసలు అర్థమేటండి?”

“ఇన్నేళ్ళుగా వాడుతున్నారు, అర్థం నన్నడుగుతారేంటి?”

“సగమే తెల్సు. మిగతా సగం చేప నీళ్ళలో పోయింది.”

మాస్టారు కళ్ళజోడు తీసి తుడుచుకున్నాడు. క్లాసు మొదలైందని ఎరుకమ్మకి అర్థమైంది. “అది నీళ్ళకి వాడే మాట కాదండి, మనిషికి వాడేది. చాలా పాత మాట, ఇంగ్లీషువాళ్ళే అరుదుగా వాడతారు. చుట్టూ ఎంత గందరగోళం ఉన్నా లోపల కలత లేకుండా ఉండడం. ఎలా చెప్పను... మా ఆవిడ వంటింట్లో గిన్నెలు విసిరేస్తుంటుంది, నేను వరండాలో పేపరు చదువుకుంటూనే ఉంటాను...”

“అది బద్ధకం, మాస్టర్‌జీ!” పైనుంచి నాగరాజు అరిచాడు. ఫెర్రీ అంతా నవ్వింది.

“నువ్వు ముందు చూసి నడుపు,” అన్నాడు మాస్టారు. ఎరుకమ్మ వైపు తిరిగి, “వాడన్నదీ నిజమే. అది కాదు. భయం ఎదురుగా ఉంటుంది, కనిపిస్తూనే ఉంటుంది, అయినా చెయ్యాల్సిన పని చెయ్యి చేసుకుపోతుంది. అప్పుడు వాడాలి ఆ మాట.”

“మరి నీళ్ళెందుకు విన్నాయి?”

“మీరు నీళ్ళకి చెప్పారు, అవి విన్నాయి. పాపం వాటి దగ్గర మాత్రం నిఘంటువు ఉందా?”

“మనిషికి చెప్తే?”

“ఎప్పుడూ చెప్పి చూడలేదా?”

అవతలి రేవు చాథాం వచ్చేదాకా ఎరుకమ్మ నీళ్ళకేసి చూస్తూ కూచుంది. నీళ్ళయితే దాచుకోవు, సాయంత్రానికి తెచ్చిచ్చేస్తాయి. మనిషి అలా కాదు. మనిషి దాచుకుంటాడు. దాచుకోవాలి కూడా. అప్పుడింక సాయంత్రాలు గుమ్మంలో కూచుని దేనికోసం చూడాలి? పేర్లు పోయాయి, దారులు పోతున్నాయి. పోతూ పోతూ మళ్ళీ వచ్చేది అదొక్కటే.

పరీక్ష రోజున పొద్దుటి నుంచీ నైరుతి గాలి. ఫీనిక్స్ బేలో కట్టిన పడవలన్నీ ఒకదాన్నొకటి రాసుకుంటున్నాయి. హార్బరు ముఖద్వారం దగ్గర అలలు తెల్లగా విరుగుతున్నాయి. ఆఫీసరు ఆనందంగా ఉన్నాడు. “ఆజ్ ఠీక్ హై,” అని ముందుగా ఎక్కేశాడు.

నాగరాజు ఎరుకమ్మ మోచెయ్యి గట్టిగా పట్టుకుని నిలబడ్డాడు. “మౌసీ, నీ కాళ్ళు పట్టుకుంటా. ఇవ్వాళ మాత్రం నోరు మూసుకో.”

“ఏం? ఏటుంది ఇవ్వాళ?”

నాగరాజు మొహం పాలిపోయింది. ఎరుకమ్మ అతని వీపు మీద చరిచింది. “గుర్తుందిరా. పరీక్ష. ఊరికే అన్నాను.”

గుర్తుంది గానీ నాలుక మీద మాట నిలవడం లేదు. అల లేచినప్పుడల్లా అదీ లేస్తోంది. రెండో పరీక్ష రోజు దాన్ని నోట్లోంచి వదిలించింది ఒక్క మరుపేనా? సుమ పడవ మీద ఉంటే, కింద నీళ్ళు అలా ఉంటే, పళ్ళు బిగబట్టుకుని ఎవరుంటారు? సుమ అరచేతులు ప్యాంటుకి తుడుచుకుంటోంది. తుడుచుకున్న కొద్దీ చెమట పడుతోంది.

“ఇలా రా,” అంది ఎరుకమ్మ. “వంగు.”

“మామ్మా, వద్దు. ప్లీజ్.”

“వంగవే. సముద్రానికి కాదు, నీకు.”

సుమ వంగింది. నీళ్ళు పోశాక పసిపిల్లల చెవిలో ఊదుతారు చూడండి, అలా చెయ్యి అడ్డం పెట్టి, ఎరుకమ్మ ఆ మాటని మనవరాలి చెవిలో చెప్పింది. అన్ని అక్షరాలూ చెప్పింది, తన దగ్గర ఒక్కటి కూడా మిగుల్చుకోకుండా.

సముద్రం ఊరుకోలేదు. ఒక అల జెట్టీ ఎక్కి వచ్చి ఇద్దరి కాళ్ళూ తడిపి పోయింది. సుమ నిటారుగా నిలబడింది. చేతులు ఒకసారి చూసుకుంది. పడవెక్కింది.

పడవ హార్బరు ముఖద్వారం చేరేసరికి, జెట్టీ మీద నాగరాజు ఆపకుండా చెప్తూనే ఉన్నాడు. “తిప్పుతంది... ఇప్పుడే తిప్పకే, అల పోనీ... హాఁ, ఆగింది. చూశావా మౌసీ, ఆగింది! పెద్దదాన్ని వదిలేసి దాని వెనకాల తిప్పింది. నేను ఇరవయ్యేళ్ళు నడిపాక నేర్చుకున్నాను ఆ పని. ఇదెప్పుడు నేర్చుకుందీ?”

పడవ ముక్కు ఆకాశంలోకి లేచింది, దిగింది. మళ్ళీ లేచింది. ఎరుకమ్మ నాలుకతో పళ్ళ వెనకాల తడుముకుంది. ఏమీ తగల్లేదు. ఇన్ని అలలు లేస్తున్నాయి, ఒక్కటీ ఏమీ తేలేదు. ఆ చోటు కడిగిన గిన్నెలా ఖాళీగా ఉంది.

పడవ వచ్చి జెట్టీకి ఆనుకుంది. టైర్లు కిర్రుమన్నాయి, అంతే. ఆఫీసరు తడిసి ముద్దయి దిగాడు. వాంతి అయినట్టుంది. అయినా నవ్వుతూ నాగరాజుకి బొటనవేలు చూపించాడు. నాగరాజు ఎరుకమ్మని వదిలేసి, అక్కడున్న కూలీలందర్నీ కౌగిలించుకోవడం మొదలుపెట్టాడు.

ఒక అమ్మాయి పడవ మీంచి జెట్టీ మీదకి దూకి, ఎరుకమ్మ వైపు పరిగెత్తుకుంటూ వచ్చింది. తడిసిన యూనిఫాం, మొహానికి అంటుకున్న జుట్టు. మొహం తెలుసు. ఎంతో ఇష్టమైన మొహమని కూడా తెలుసు. పేరు రాలేదు. ఎరుకమ్మ కళ్ళలో భయం నిండింది. ఎప్పటినుంచో ఏ రోజు గురించి భయపడుతోందో, ఆ రోజు వచ్చేసింది.

అమ్మాయి ఆ కళ్ళని చూసింది. అంతా అర్థమైంది ఆమెకి. ఇదివరకైతే అక్కడే కూలబడి ఏడ్చేది. ఇప్పుడు మొహంలో ఏ మార్పూ లేకుండా, అలసిపోయి నవ్వుతూ, ముసలామె రెండు చేతులూ పట్టుకుంది. ఆ పట్టు ఎక్కడా వణకలేదు.

“సుమని మామ్మా. నూకన్న కూతుర్ని. నీ దగ్గరే ఉంటాను.”

“సుమ,” అంది ఎరుకమ్మ. ఊపిరి వదిలింది. “అవునే. సుమవి. పడవ నువ్వే తెచ్చావా?”

“నేనే తెచ్చాను.”

“బాగా తెచ్చావు.” ఆ చేతులు వదలకుండానే మెల్లగా అంది. “రేపు మళ్ళీ అడుగుతానేమోనే.”

“అడుగు,” అంది సుమ. “మళ్ళీ చెప్తాను.”