మస్టరులో అన్న పేరు

గోదావరిఖనిలో తమ్ముడి క్వార్టర్‌కు వచ్చిన ప్రతిసారీ పోశం ముందుగా తలుపు వంక చూసేవాడు. దానిమీద తెల్లరంగుతో 'పోశం, కోల్ ఫిల్లర్' అని రాసి ఉండేది. పేరు అతనిది. లోపల వెలిగే కరెంటు దీపం, కుళాయి నీళ్లు, కంపెనీ బొగ్గుతో మండే పొయ్యి మాత్రం తమ్ముడు సదయ్యవి. మరదలు పూలమ్మ "రా బావా, కాళ్లు కడుక్కో" అని చెంబు అందిస్తే, ఆ నీళ్లు కూడా తన పేరు మీద వచ్చినవేనని పోశానికి కడుపు మండేది.

ఒకరి పేరు మీద ఇంకొకరు పని చేయడం ఆ రోజుల్లో బొగ్గుబాయిల్లో, అంటే గనుల్లో, మామూలు సంగతే. పదహారేళ్ల కిందట బాయిలో పేరు రాయించుకున్నది పోశమే. మూడోనాడు పైకప్పు పెళ్ల ఊడి పక్కనే పడేసరికి ప్రాణాలు అరచేతిలో పెట్టుకుని ఊరికి పారిపోయి వచ్చాడు. "తమ్మీ, నాతోని గాదు. పేరు రాసే ఉన్నది, నువ్వు పోయి చెయ్యి" అని తానే సదయ్యను పంపాడు. హాజరు రాసే మస్టరులో అప్పుడు ఫొటోలు లేవు, పిలిచిన పేరుకు పలికినవాడే పోశం. పదహారేళ్లు సదయ్య అట్లాగే పలికి, తట్టతో బొగ్గు మోసి, పట్టాల మీద నడిచే టబ్బుల్లో నింపాడు. ఊళ్లో మెట్టచేను దున్నుకునే అన్న తాను పారిపోయి వచ్చిన సంగతి మరిచాడు గానీ, ఇచ్చిన పేరును మరవలేదు.

1977లో బొగ్గు టబ్బుల మధ్య పడి సదయ్య కాలు నలిగింది. దవాఖానలో అన్‌ఫిట్ అని రాశారు. అన్‌ఫిట్ అయిన కార్మికుడి కొడుక్కి పని ఇచ్చే పద్ధతి ఉంది కనుక సదయ్య కొడుకు ఎల్లేశం దరఖాస్తు పెట్టుకున్నాడు. ఆ ఇంటికి ఇక అదొక్కటే ఆధారం.

ఆ కబురు విన్న పోశానికి మూడు రోజులు ముద్ద దిగలేదు. తమ్ముడి కాలు పోయిందని అనుకునేరు! తమ్ముడి కొడుకు దీపం పట్టుకుని డ్యూటీకి పోతాడు, తన కొడుకు నర్సింగం నాగలి పట్టుకుని చేనుకు పోతాడు. ఆ పోలికే అతణ్ణి నిలువునా కాల్చింది. నాలుగోనాడు వకీలును కలిశాడు.

సంగతి తెలిసి పూలమ్మ పరుగున వచ్చింది. "బావా, మా నోటికాడి బువ్వ గుంజుకోకు," అని ఏడ్చింది.

"పేరు నాది. నౌకరి నా కొడుక్కే రావాలె."

"మరి పోయిన కాలు ఎవ్వలది బావా?"

మర్నాడే పోశం కోర్టుకు పోయి దావా వేశాడు.

రెండేళ్లు వాయిదాలు నడిచాయి. చివరికి సదయ్యతో పని చేయించిన సర్దార్ అబ్దుల్ వహాబ్ సాక్ష్యానికి వచ్చి, "హుజూర్, పదహారేండ్లు నా కింద బొగ్గు నింపింది ఈ మనిషే," అని సదయ్యను చూపించాడు. నిజం తేలింది, నౌకరి మునిగింది. పని చేసినవాడి పేరు మస్టరులో లేదు, పేరున్నవాడు పని చేయలేదు, కనుక ఇద్దరి కొడుకులకూ అర్హత లేదని తీర్పు వచ్చింది. క్వార్టర్ కూడా ఖాళీ చేయాలన్నారు.

తీర్పు వినగానే పోశం మనసుకు 'ఎల్లేశానికి గూడ రాలేదు' అని ఎంతో చల్లగా అనిపించింది. పక్కనున్న నర్సింగం అతని ముఖం చూసి నిర్ఘాంతపోయాడు.

"నాయినా, నవ్వుతున్నవా? నాకు రావాలన్నదానికంటే వానికి రావొద్దన్నదే నీకు ఎక్కువున్నదా?"

పోశం ఉలిక్కిపడ్డాడు.

కోర్టు మెట్ల దగ్గర వహాబ్ అతణ్ణి ఆపాడు. "పోశం భాయ్, అన్నదమ్ములు ఇద్దరు కలిసొచ్చి పేరు దిద్దియ్యమంటే యూనియన్ల కొట్లాడుదుము. ఇప్పుడేమైంది? నీ తమ్ముని లెక్క మారుపేరుతోని బతికేటోళ్లు బాయిల ఎందరో ఉన్నరు. ఇయ్యాల్టి సంది వాళ్లందరు భయంతోనే దిగుతరు."

అప్పుడే కర్ర ఊతంగా సదయ్య వచ్చాడు. తిడతాడేమోనని పోశం తల దించుకున్నాడు.

"అన్నా," అన్నాడు సదయ్య మెల్లగా, "ఇగ ఊరికే వస్తున్నం. మా ఎల్లేశాన్ని నీ చేన్ల కైకిలి కూలికి పెట్టుకుంటవా?"

పోశం నడిమెట్టు మీద కూలబడి, కన్నకొడుకు ఎదుటే వెక్కి వెక్కి ఏడ్చాడు.

అయినవాళ్ల బాగు చూసి ఓర్వలేని మనసు వాళ్ల ఇంటి పొయ్యి ఆర్పగలదు గానీ, తన ఇంటి పొయ్యి వెలిగించలేదు.