పడాల్సిన గోడ

మా మామ కట్టిన గోడ నిలువుగా ఉందో లేదో గుండు వేలాడదీసి చూడాల్సిన పని లేదు. ఆ గోడను చూసే గుండు సరిగ్గా ఉందో లేదో తెలుసుకోవచ్చని తోటి మేస్త్రీలు అనేవారు. నా గోడల సంగతి వేరు. ఆరేళ్లు ఆయన పక్కన తాపీ పట్టాను. ఆయన కూతుర్నే చేసుకున్నాను. అయినా నేను కట్టింది చూసినప్పుడల్లా ఆయనది ఒకటే మాట.

"కాకి వాలకుండా చూసుకో అల్లుడూ."

అత్త పోయాక ఆయన మాతోనే ఉండేవాడు. మాది వీధిలో చిట్టచివరి ఇల్లు. ఇంటివాళ్లు యుద్ధం మొదలైన నెలకే పల్లెకు పోయారు. కింద వాటాలో మేం ముగ్గురం మిగిలాం.

యుద్ధానికి అది రెండో ఏడు. విమానాలు మొదట రేవు మీదికి వచ్చాయి. తర్వాత రైలు పట్టాల మీదికి వచ్చాయి. ఆ తర్వాత ఇళ్ల మీదికే రావడం మొదలుపెట్టాయి. మా వీధిలో పద్నాలుగు ఇళ్లు, ఒకదాని భుజానికి ఒకటి ఆనుకుని ఉండేవి. ప్రతి ఇంటి కిందా బొగ్గులూ కట్టెలూ వేసుకునే నేలగది ఉండేది. సైరన్ కూస్తే అందరూ అందులోకి దిగేవాళ్లు. అవతలి పేటలో ఒక ఇల్లు కూలి, నేలగది మెట్ల మీద పడింది. లోపల పదకొండుమంది. ఒక్కరికీ దెబ్బ తగల్లేదు. ఒక్కరూ బయటికి రాలేదు.

ఆ తర్వాత ఉత్తర్వు వచ్చింది. దాన్ని పట్టుకుని ఈల మాస్టారు మా ఇంటికి వచ్చాడు. బడిలో బొమ్మలు గీయడం నేర్పి రిటైరైన మనిషి. ఇప్పుడు మా వీధి బాధ్యత ఆయనది. మెడలో ఎప్పుడూ ఒక ఈల వేలాడుతుండేది.

"ప్రతి రెండు నేలగదులకూ మధ్య గోడలో మనిషి దూరేంత కన్నం కొట్టాలి మేస్త్రీ. కొట్టి మళ్లీ మూసెయ్యాలి" అన్నాడు.

"మూసేదానికి కొట్టడం ఎందుకు?"

"తెరిచి పెడితే ఒక ఇంట్లో పొగ అన్ని ఇళ్లకూ పాకుతుంది. అందుకని పల్చగా మూయాలి. ఇటుక అంచు మీద నిలబెట్టి ఒక్క వరస, ఉత్త మట్టితో. సున్నం వద్దు. సిమెంటు అసలే వద్దు. మెట్లు మూసుకుపోతే ఆడమనిషి రెండు దెబ్బలు కొట్టి పక్కింట్లోకి పోగలగాలి."

మామ తన చేతులకేసి చూసుకున్నాడు.

"పడే గోడ కట్టడానికి మేస్త్రి ఎందుకు మాస్టారూ? వీధిలో పిల్లల్ని పిలవండి. బొమ్మరిల్లు కడతారు."

"నలభై ఏళ్లు నిలబడేవి కట్టావు. పదమూడు పడేవి కట్టలేవా?"

ఒప్పుకోక తప్పలేదు. వీధి ఆ చివర మొదలుపెట్టాం. మొదటి గోడ ఆరాక మాస్టారు సుత్తితో రెండు తగిలించాడు. బొలబొలా రాలింది. చూడ్డానికి చేరినవాళ్లు చప్పట్లు కొట్టారు. మా పక్కింటి ఇస్త్రీ అక్క ఊరుకునే రకం కాదు.

"మేస్త్రీ! నీ గోడ మా అత్త దగ్గుకే పడేట్టుందే!" అంది.

ఆమె అత్త మంచంలో ఉండే మనిషి. రోజంతా దగ్గుతూనే ఉంటుంది. అందరూ నవ్వారు. మామ కూడా నవ్వాడు. కానీ చేతిలో తాపీని ప్యాంటుకు తుడుస్తూ ఉన్నాడు. అది అప్పటికే శుభ్రంగా ఉంది.

రాలిన ఇటుకలతోనే ఆ గోడ మళ్లీ కట్టాం. ఆ పది రోజులూ ఇస్త్రీ అక్క ఆయన్ని వదల్లేదు. "గోడలకు చెవులుంటాయంటారు, నువ్వు నోళ్లు కూడా పెట్టేశావు" అనేది ఒక రోజు. "మేస్త్రి వస్తున్నాడు, తుమ్మకండి, గోడలు పడతాయి" అనేది ఇంకో రోజు. ఆమెకు ఆయనంటే అభిమానమే. బొగ్గుల పెట్టె పక్కన పెట్టుకుని పొద్దంతా ఒకరి బట్టలు రుద్దే మనిషికి నవ్వడానికి ఏదో ఒకటి కావాలి.

పదమూడోది మా ఇంటికీ ఇస్త్రీ అక్క ఇంటికీ మధ్య గోడ. మాది చివరి ఇల్లు గనక మాకున్న దారి అదొక్కటే. మామ నన్ను నీళ్లకు పంపాడు. వీధి మూల కొళాయి దగ్గర రెండు బకెట్లు పట్టుకుని తిరిగొచ్చేసరికి తట్టలో అడుసు రంగు మారింది. వేలు పెట్టి చూశాను. బంకమట్టి వేలికి అంటుకుంటుంది. సిమెంటు వేలిని కొరుకుతుంది. ఇది కొరికింది. ఇటుకలు అంచు మీద నిలబెట్టి లేవు. రెండిటి మధ్య కీలు మీద ఇంకొకటి పడేలా, అడ్డంగా నిలువుగా పరిచి ఉన్నాయి. అప్పటికే మోకాలెత్తు లేచింది.

"ఏం చూస్తావు? నీళ్లు పొయ్యి" అన్నాడు.

పోశాను.

కాసేపటికి ఆయనే అన్నాడు. "రేపు ఈ గొడవంతా సద్దుమణుగుతుంది. ఈ గోడ మన ఇంట్లో ఉండిపోతుంది. చూసినవాడు ఇది మేస్త్రి ఇల్లా అని అడగడూ?"

నేను మాట్లాడలేదు. నాకు మాటలు తక్కువని అందరికీ తెలుసు. నేను మాట్లాడకపోతే ఎవరూ ఏమీ అనుకోరు.

పైన మట్టి పల్చగా పూశాడు. చూడ్డానికి తక్కిన పన్నెండు గోడల్లాగే కనిపించింది. మాస్టారు పన్నెండింటినీ వేలి కణుపుతో కొట్టి చూసుకుంటూ వచ్చాడు. మా గది మెట్ల మీదనే ఆగిపోయాడు. "ఇది మేస్త్రి ఇల్లే కదా, ఇక్కడ చూసేదేముంది" అని పుస్తకంలో టిక్కు పెట్టుకుని వెళ్లాడు.

ఆ మర్నాటి నుంచి మామ పొద్దునా సాయంత్రం నేలగదిలోకి దిగి గోడ మీద చెంబుతో నీళ్లు చల్లేవాడు. మూడో రోజు మా ఆవిడ నన్ను అడిగింది.

"మట్టి గోడకు నీళ్లు పెడతారా?"

ఆమె మేస్త్రి కూతురు. ఇటుక పొడిలో ఆడుకుంటూ పెరిగింది. అడగడంలోనే అనుమానం ఉంది. నేను గడ్డం కింద సబ్బు రాసుకుంటున్నాను, గీసుకోవడానికి.

"ఊఁ" అన్నాను.

"రెండు దెబ్బలకు పడుతుందిగా?"

"ఊఁ."

ఆమె అంతటితో ఊరుకుంది. ఆ రోజే నా చిన్న సుత్తిని తీసుకుపోయి గోడ పక్కన మేకుకు తగిలించింది. దాని పిడికి పాత గుడ్డపేలిక చుట్టింది, చెమట చేతిలో జారకుండా.

తర్వాత నెలన్నర మా వైపు ఏమీ పడలేదు. సిమెంటుకు నెలన్నర అంటే చాలు. అది రాయవుతుంది.

ఆ రోజు పొద్దున పదింటికి మామా నేనూ రెండు వీధుల అవతల రొట్టెల బట్టీలో ఉన్నాం. బట్టీ కమాను పగిలితే అతకడానికి పోయాం. సైరన్ కూసింది. బట్టీవాడి నేలగదిలోకి దిగాం. పిండి బస్తాల మధ్య కూర్చున్నాం. బాంబు పడిన ప్రతిసారీ పైనుంచి పిండి రాలి అందరం ముసలివాళ్లలా తయారయ్యాం. ఒకటి బాగా దగ్గరగా పడింది. మామ తల ఎత్తి, "మన వైపే" అన్నాడు. లేచి మెట్లెక్కాడు. బట్టీవాడు చెయ్యి పట్టుకుని లాగినా ఆగలేదు. ఆయన వెనకాలే నేనూ.

వీధి మొదట్లోంచి చూస్తే ఇళ్లన్నీ ఉన్నాయి. చివరిది లేదు. ఇటుకల గుట్ట ఉంది. దాని మీద మా తలుపు అడ్డంగా పడుకుని ఉంది. మూల కొళాయి ఉండాల్సిన చోట గొయ్యి పడింది. దాని కింద పోయే పెద్ద గొట్టం విరిగింది. నీళ్లు పైకి చిమ్మడం లేదు. గొయ్యిలోకి, అక్కడినుంచి మా ఇటుకల కిందికి, చప్పుడు లేకుండా పోతున్నాయి.

మామ ఆ నీళ్లు చూశాడు. ఇటుకల గుట్ట దగ్గర నిలబడలేదు. నేరుగా ఇస్త్రీ అక్క ఇంట్లోకి, మెట్లు దిగి కిందికి పరిగెత్తాడు. అరవై ఏళ్ల మనిషి అలా పరిగెత్తడం నేనెప్పుడూ చూడలేదు.

కింద దీపం వెలుగుతోంది. మంచం ఓ మూలకు లాగేసి ఉంది. అక్క అత్త దాని మీద దగ్గుతోంది. ఇస్త్రీ అక్క రెండు చేతులతో ఇస్త్రీపెట్టె ఎత్తి గోడను బాదుతోంది. పెట్టె మూత ఊడిపోయింది. ఆమె వేళ్ల నుంచి రక్తం కారుతోంది. గోడ మీద మట్టి పూత రాలింది. ఇటుకల మీద తెల్లటి గాట్లు పడ్డాయి. అంతే.

"మేస్త్రీ, ఇది పడట్లేదేంటి?" అంది. "పడట్లేదేంటి మేస్త్రీ?"

మామ ఆమెను పక్కకు తోసి ఉలి పెట్టాడు. నేను గునపం అందుకున్నాను.

"ఎక్కడ కొట్టమంటావు మామా?"

"ఎక్కడ కొట్టినా ఒకటే" అన్నాడు.

ఆయన కీళ్లు తవ్వుతుంటే నేను పొడుస్తున్నాను. మా వెనక ఇస్త్రీ అక్క ఆపకుండా చెబుతూనే ఉంది. వినొద్దనుకున్నా వినబడుతోంది.

"మీ అమ్మాయి మొదట భయపడనే లేదు మేస్త్రీ. గోడకవతల నుంచి పిలిచింది. అక్కా, అత్తను పక్కకు జరపండి, ఇటుకలు మీద పడతాయి, మా నాన్న గోడ రెండు దెబ్బలకే పడుతుంది అంది. మంచం జరిపాను. రెండు కొట్టింది. పది కొట్టింది. నేనూ ఇటునుంచి కొట్టాను. ఇప్పుడు పడుతుంది, ఇప్పుడు పడుతుంది అనుకుంటూ ఎవర్నీ పిలవడానికి పోలేదు. తర్వాత నీళ్లొస్తున్నాయక్కా అంది. మీరొచ్చేముందు దాకా కొడుతూనే ఉంది. ఇప్పుడే ఆగింది. ఇప్పుడే."

మేమున్న వైపు గోడ పొడిగా ఉంది. అవతల గది నిండా నీళ్లున్నాయి, ఇవతలికి చుక్క రాలేదు. మట్టితో కట్టి ఉంటే సుత్తి కూడా అక్కర్లేదు. ఆ నీళ్లకే అది కరిగి జారిపోయేది. మేస్త్రిని కాబట్టి ఆ సంగతి నాకు తెలుసు. మామకూ తెలుసు. ఆయన కొడుతూ కొడుతూ ఒకసారి అరచేయి గోడకు ఆనించాడు, గుర్రం మెడ నిమిరినట్టు. మళ్లీ కొట్టాడు.

మొదటి ఇటుక ఊడటానికి ఎంతసేపు పట్టిందో చెప్పలేను. ఊడగానే నీళ్లు మొహం మీదికి కొట్టాయి. నాలుగైదు ఇటుకలు పోయాక ఆగకుండా వచ్చాయి. మా నడుములదాకా వచ్చాయి. ఇస్త్రీ అక్క తన అత్తను వీపున వేసుకుని మెట్ల మీదికి చేర్చింది. మనిషి దూరేంత కన్నం పడగానే నీళ్లతోపాటే మా ఆవిడ కూడా వచ్చింది. కుడిచేతికి గుడ్డపేలిక చుట్టుకుని ఉంది. సుత్తి పిడి నుంచి ఊడివచ్చిందో, ఆమే విప్పి అరచేతికి కట్టుకుందో తెలియదు.

ముందు నేను పట్టుకున్నాను. తర్వాత ఆయన తీసుకున్నాడు. ఆమెను భుజం మీద వేసుకుని మెట్లెక్కాడు, చిన్నప్పుడు నిద్రపోతే ఎత్తుకుపోయినట్టు.

మధ్యాహ్నం ఈల మాస్టారు వచ్చాడు. నేలగదిలో ఇటుక పెళ్లలు చూశాడు. ఒకటి చేతిలోకి తీసుకున్నాడు. దానికి అంటుకున్న బూడిదరంగును గోటితో గీకాడు. గోటికి ఏమీ రాలేదు. మామ వైపు చూడలేదు. ఆ పెళ్లను ఉన్నచోటే నెమ్మదిగా పెట్టాడు, చప్పుడు కాకుండా. జేబులోంచి పుస్తకం తీశాడు. టిక్కు పెట్టిన ఆ పేజీని చాలాసేపు చూశాడు.

మర్నాడు ఆమెను మట్టిలో పెట్టి వచ్చాం. ఇస్త్రీ అక్క తన ఇంట్లోనే మా ఇద్దరికీ పక్కలు వేసింది. ఆమె ఇప్పుడు ఎవరితోనూ వేళాకోళం ఆడటం లేదు. మామ నాలుగు రోజులు గోడకు వీపు ఆనించకుండా కూర్చున్నాడు. తింటే తిన్నాడు, లేకపోతే లేదు.

ఐదో రోజు మాస్టారు మళ్లీ వచ్చి గుమ్మంలోనే నిలబడ్డాడు.

"వెనక వీధిలో ఇరవై రెండు ఇళ్లున్నాయి. ఇంకా ఏదీ కాలేదు. వేరే మేస్త్రీలను అడిగాను, అందరూ రేవులో ఉన్నారు." ఆయన నా వైపే చూస్తూ చెప్పాడు.

మామ లేచాడు. తాపీ తీసి నా చేతిలో పెట్టాడు. తన తాపీ. ఆరేళ్లలో దాన్ని నన్ను ముట్టుకోనివ్వలేదు.

"నువ్వు కట్టు. నా చెయ్యి మాట వినదు. నీ పనే కావాలి ఇప్పుడు."

వెనక వీధిలో మొదటి ఇంట్లో నేను మట్టి కలుపుతుంటే ఆయన తట్ట పక్కనే కూర్చున్నాడు. వేలు పెట్టి చూశాడు. వేలికి అంటుకున్న మట్టిని చూస్తూ అడిగాడు.

"ఆ రోజు నువ్వూ వేలు పెట్టి చూశావు కదూ?"

"ఊఁ."

"చెప్పొచ్చుగా అల్లుడూ."

నేను నీళ్లు పోశాను. ఆమె నన్ను ఏమడిగిందో, నేనేమన్నానో ఆయనకు తెలియదు. చెప్పడానికి నోరు తెరిచాను. పైనుంచి ఎవరో ఇటుకల గంప దించుతున్నారు. అందుకోవడానికి లేచాను.

ఒక్క వరస, అంచు మీద నిలబెట్టి కట్టాను. వరస తిన్నగా ఉండేందుకు నూలుతాడు పట్టలేదు. గుండు వేలాడదీయలేదు. నాకెప్పుడూ వచ్చినట్టే వంకరగా వచ్చింది. రెండు రోజులు ఆరనిచ్చి మళ్లీ పోయాం. మామ సుత్తి తీసుకోలేదు. గోడకు భుజం ఆనించి ఒక్కసారి నెట్టాడు. మొత్తం అవతలికి కూలింది. ఆయన ఆ దుమ్ములో నిలబడి అటు గదిలోకి చూశాడు. అక్కడ ఒక బొగ్గుల బుట్టా, ఒక కుర్చీ ఉన్నాయి.

"బాగుంది" అన్నాడు. "మళ్లీ కట్టు."

ఆ ఇంటావిడ మెట్ల మీద నుంచి చూస్తోంది. మా సంగతి ఆమెకు తెలియదు. ముక్కు మీద వేలేసుకుంది.

"ఇదేం గోడ మేస్త్రీ, పిల్లి రాసుకున్నా పడేట్టుంది!"

"పడాలమ్మా" అన్నాడు మామ. "అందుకే వీడి చేత కట్టిస్తున్నాను."