కళ దేనికో నా మూతి ముందే తేల్చారు

నేను ఒక మైకును. నన్ను చూడగానే మనుషులకు మైకం కమ్ముతుంది కాబట్టి ఆ పేరు పెట్టారేమోనని నా అనుమానం. ఇంటి దగ్గర మంచినీళ్ళు అడగడానికి కూడా నోరు పెగలనివాడు నా ముందు నిలబడితే దేశాన్ని ఉద్ధరించే దాకా దిగడు.

ఢిల్లీ శివార్లలో ఒక కార్ఖానాలో పుట్టాను. లోపల చిన్న అయస్కాంతం, జుట్టంత సన్నని రాగితీగ చుట్ట, పైన జల్లెడలాంటి మూత. పార్వతీపురంలో సౌండు సర్వీసు నడిపే గౌరినాయుడు నన్ను కొని తెచ్చి ఎర్ర స్పాంజి టోపీ తొడిగాడు. ఆ టోపీ వాసన చూస్తే చాలు, ముందురోజు వక్త ఏం తిన్నాడో చెప్పగలను. ఎన్నికల్లో హామీలు మోశాను, పెళ్ళిళ్ళలో మంత్రాలు మోశాను, జాతరలో "తప్పిపోయిన పాప ఎర్ర గౌను వేసుకుంది" అని ఒక తల్లి పెట్టిన కేకనూ మోశాను. తర్వాత మెడలో ఒక తీగ వదులైంది. కంగారు పుడితే "కూ" మని కూత పెట్టే జబ్బు పట్టుకుంది. గౌరినాయుడు పెళ్ళిళ్ళకు కొత్తగా వైరు లేని మైకు కొన్నాడు. నన్ను సాహిత్య సభలకు కేటాయించాడు. "ఆల్లకి ఇది సాల్లే" అన్నాడు. వైరున్నదాన్ని, వైరం పెట్టుకోలేక ఊరుకున్నాను.

అలా ఒక ఆదివారం పొద్దున కళావలోకన సమితి వారి సభకు వెళ్ళాను. పెళ్ళిమండపాన్ని మధ్యాహ్నం ఒంటిగంట వరకే అద్దెకు తీసుకున్నారు. ఆ తర్వాత అందులో పెళ్ళి. వెనకాల వంటవాళ్ళు అప్పటికే పొయ్యిలు రాజేశారు. సభ అంశం "కళ: ప్రయోజనం". కళ సంగతేమోగానీ, గాలి అటు నుంచి ఇటు వీచినప్పుడల్లా ప్రయోజనంలోంచి భోజనం వాసన వచ్చింది.

వేదిక చివరి కుర్చీలో పోలయ్య కూర్చున్నాడు. డెబ్బై దాటిన మనిషి, జముకుల కథ చెబుతాడు. ఒళ్ళో గుడ్డసంచీ, అందులో జముకు. కుంచమంత పిడత, దానికి నరం తీగ. మీటితే జుమ్మంటుంది. కళాకారుడిగా గుర్తింపు కార్డు కోసం మూడేళ్ళుగా ఆఫీసు చుట్టూ తిరుగుతున్నాడు. "నువ్వు కళాకారుడివని రుజువేంటి?" అని అడుగుతారట. అధికారి స్వయంగా విని సంతకం చెయ్యాలి. ఆ అధికారి ఆ రోజు ముఖ్య అతిథి. పన్నెండూ యాభైకి ఆయన రైలు. పదిన్నరకు పోలయ్యకు పావుగంట ఇస్తామని కార్యదర్శి జోగారావు మాట ఇచ్చాడు.

పదిన్నరకు ఇంకా కుర్చీలు వేస్తున్నారు.

పదకొండుకు మొదలైంది. జ్యోతి వెలిగించారు, గాలికి ఆరింది, మళ్ళీ వెలిగించారు. శాలువాలు కప్పారు. అంత ఎండలో ఒక్కొక్కరికి రెండేసి. "చాలువా?" అని అడిగేవాడు లేడు. నాకు అప్పుడే లోపల గుబులు మొదలైంది. పోలయ్య మాటిమాటికీ గోడగడియారం చూస్తున్నాడు.

ముందు అధ్యక్షులు, రిటైరైన తెలుగు లెక్చరరు, నన్ను గొంతు పట్టుకుని "రెండే రెండు ముక్కలు" అన్నారు. రెండు ముక్కలన్నవాడు సభను ముక్కచెక్కలు చెయ్యకుండా దిగడం నేనెరగను. కళ ఆనందం కోసం, రసమే దాని ప్రాణం అన్నారు. వెనక వంటింట్లో కూడా రసం మరుగుతోంది, అదైనా మరిగి మరిగి దిగుతుంది, ఈయన దిగరే! జోగారావు చీటీ పంపాడు. అధ్యక్షులు చదివి, దాన్ని మంచినీళ్ళ గ్లాసు కింద పెట్టారు. "ముగిస్తున్నాను" అని ఏడుసార్లు అన్నారు. లెక్కపెట్టాను, ఇంకేం చేస్తాను?

తర్వాత ఒక చిత్రకారుడు. కళకు ప్రయోజనమే ఉండకూడదట. ప్రయోజనం లేదని చెప్పడానికి ఇరవై నిమిషాలు ప్రయోజనకరంగా వాడుకున్నాడు. ఆ తర్వాత ఉద్యమ కవి. కళ ప్రజల ఆయుధం అంటూ ఆ ఆయుధంతో నా నెత్తిన కొట్టినట్టు అరిచాడు. గడియారం పన్నెండూ ఇరవై. ఇక ఆగలేక "కూ...!" మన్నాను. గౌరినాయుడు పరుగెత్తుకొచ్చి నా వీపున రెండు తగిలించాడు.

"ఏటే నీకు రోగం? పెద్దోల్లు మాటాడతన్నారని నేదా?"

పోలయ్య మెల్లగా లేచి జోగారావు చెవిలో అన్నాడు. "బావూ, నా ఒంతెప్పుడు?"

"వచ్చేస్తుంది తాతా, వచ్చేస్తుంది. కూర్చో."

వచ్చింది పన్నెండున్నర. ముఖ్య అతిథి శాలువాలో గడ్డం దాచుకుని గాఢంగా ఆలోచిస్తున్నారు, అంటే గురక రాకుండా నిద్రపోతున్నారు. జోగారావుకు చెమటలు పట్టాయి. ఇంటి దగ్గర ముందే రాసుకున్న కాగితం తీసి, ఒక్క గెంతులో వందన సమర్పణలోకి దూకేశాడు. వందనం తర్వాత జనగణమన. అది పాడాక ఇక ఏ కళాకారుడికీ చోటుండదు.

అతను గబగబా చదివాడు. "జ్యోతి వెలిగించిన పెద్దలకు... తమ జముకుల కథాగానంతో మనందరి చేతా కంటతడి పెట్టించిన పోలయ్య గారికి..."

చప్పట్లు! ముందు వరుసలో ఒకాయన కళ్ళు కూడా ఒత్తుకున్నాడు. ఆ చప్పుడుకు అధికారి ఉలిక్కిపడి లేచారు. తాను నిద్రపోయిన వేళలోనే పాట అయిపోయిందనుకున్నారు పాపం. సిగ్గుతో మొహం ఎర్రబడింది. గబుక్కున పోలయ్య చేతిలో ఉన్న కార్డు దరఖాస్తు లాక్కుని, "అబ్బ! ఏం పాడారండీ!" అన్నారు.

పోలయ్య నా పక్కనే నిలబడ్డాడు. "నేను పాడనేదు బావూ."

హాలంతా వినిపించాను. అధికారి రెండు చేతులూ ఎత్తి దణ్ణం పెట్టారు. "చూశారా వినయం! ఇంత పాడి, పాడలేదంటున్నారు!"

"అహంకారం లయమైతేనే రసం," అన్నారు అధ్యక్షులు.

"నేనన్నదదే. కళకు కర్త ఉండడు," అన్నాడు చిత్రకారుడు.

"పాడింది ఆయన కాదు, ప్రజలు!" అన్నాడు కవి.

"అమ్మతోడు బావూ, జముకు సంచీలోంచి తియ్యనేదు."

"జముకు లేకుండానే ఇంత గొప్పగానా!" అంటూ అధికారి సంతకం గీకి, ముద్ర కొట్టి, స్టేషనుకు పరుగెత్తారు. పొద్దుట్నుంచీ పొసగని మూడు సిద్ధాంతాలూ పాడని పాట దగ్గర ఏకగ్రీవంగా కలిశాయి. జనగణమన అయింది. జనం గణంగా బయటికి కదిలారు.

గౌరినాయుడు నా వైరు పీకి మోచేతికి చుట్టుకుంటున్నాడు. పోలయ్య వేదిక మెట్టు మీద కాగితం పట్టుకుని కూర్చున్నాడు.

"తాతా, సంతకం అయిపోనాది కదా. ఇంకా కూకున్నావేటి? బస్సెల్లిపోద్ది."

"పాడ్డానికొచ్చినాను నాయినా. పాడకుండా ఎలాగెల్తాను?"

"మైకు ఇప్పీసినానే!"

"ఒద్దులే."

జముకు తీశాడు. వరదలో బిడ్డ కొట్టుకుపోయిన తల్లి ఏటి ఒడ్డున నిలబడి నదిని నిలదీసే ఘట్టం ఎత్తుకున్నాడు. "తాగిన నీల్లు నీవే తల్లీ, తాగింది నా బిడ్డనా" అన్నాడు. గొంతు వణికింది, నరం వణకలేదు. వంకాయలు తరిగే ఆడవాళ్ళు కత్తిపీటలు వదిలి గుమ్మంలోకొచ్చారు. ఒకామె తడిచేతులు తుడుచుకోవడం మరిచి అలాగే నిలబడిపోయింది. గౌరినాయుడి మోచెయ్యి గాలిలోనే ఆగింది.

నాలో కరెంటు లేదు. ఇన్నేళ్ళూ ఏ మాటైనా ఇటు నుంచి నాలో పడి అటు సౌండు పెట్టెల్లోకి దూకి పోయేది, ఒక్కటీ నా దగ్గర ఆగలేదు. ఈ పాటకు వెళ్ళే దారి లేదు. నాలోనే ఉండిపోయింది.

కూత జబ్బు ముదిరాక గౌరినాయుడు నన్ను అమ్మేశాడు. ఇప్పుడు నేను పాత ఇనపసామాన్ల కొట్లో, చిల్లుపడ్డ బిందెల మధ్య ఉన్నాను. రాగికి మంచి గిరాకీ ఉందట, రేపో మాపో విప్పి కరిగిస్తారట. నాకు ఒకటే బెంగ. నాకేమవుతుందని కాదు, లోపల ఆ తల్లి ఇంకా ఏటి ఒడ్డునే నిలబడి ఉంది.