అరేబియా సముద్రంలో పద్నాలుగు మంది గుమాస్తాలు

ఢిల్లీ విమానాశ్రయం పక్కనే, వసంత్ కుంజ్‌లో ఒక సర్కారు ఆఫీసు. అందులో గుమాస్తా హైమవతికి మంగళవారం మెమో వచ్చింది. "సోమవారం ఉదయం తొమ్మిదిన్నరకు మీ ఫోను యాప్‌లో హాజరు వేసిన చోటు అరేబియా సముద్రం. అనుమతి లేకుండా సముద్రంలో ఎందుకున్నారో మూడు రోజుల్లో సంజాయిషీ ఇవ్వాలి."

ఆమె ఒక్కతే కాదు, సెక్షన్లో పద్నాలుగు మందీ మునిగారు. "నాకు ఈత కూడా రాదు దీదీ!" అని పక్క బల్ల కోటయ్య ఏడుపు మొహం పెట్టాడు. అందరూ పగలబడి నవ్వారు.

హైమవతి నవ్వు సగంలో ఆగింది. తొమ్మిదిన్నర!

ఆమె కూతురు తేజశ్రీ కో-పైలట్. సోమవారం సరిగ్గా అప్పుడే, ఢిల్లీలో దిగబోతుంటే, తెర మీది మ్యాపు విమానాన్ని తీసుకెళ్లి అదే సముద్రం మీద పెట్టింది. ఎవడో వదిలిన దొంగ సిగ్నల్, అచ్చం ఉపగ్రహం పంపినట్టే. బయటేమో పొగమంచు, రన్‌వే కనబడదు. తేజశ్రీ అరిచి విమానాన్ని మళ్లీ పైకి లేపించింది. రెండోసారి నేల మీది సిగ్నల్ పట్టుకుని దింపారు. కెప్టెన్ తన తెర మీద ఏ తేడా చూడలేదన్నాడు. కంపెనీ ఏం చేసింది? పిల్ల కంగారుపడిందంటూ ఎగరనివ్వడం మానేసింది. విచారణ బుధవారం.

హైమవతి మెమో పట్టుకుని సెక్షన్ ఆఫీసర్ వీరరాఘవులు గదిలోకి దూసుకెళ్లింది. ఆయన ముందే చేతులెత్తేశాడు.

"అచ్ఛా, అచ్ఛా, యాప్‌దే తప్పండీ! పద్నాలుగూ రద్దు చేసేస్తన్నా. పైవాళ్లకి తెలిస్తే నా పరువేం గాను?"

"రద్దు చేస్తే ఊరుకోను సార్! మేం సముద్రంలోనే ఉన్నామని స్టాంపు కొట్టి ఇవ్వండి."

"మతుండే మాట్లాడుతున్నారా హైమవతిగారూ?"

"మా ఫోన్లని ముంచినవాడే నా కూతురి విమానాన్నీ తప్పుదారి పట్టించాడు. నిండా మనుషులున్నారు సార్ అందులో! దానికి సర్కారు సాక్ష్యం ఇదొక్కటే."

వీరరాఘవులు స్టాంపు తీసి పద్నాలుగింటి మీదా కొట్టాడు.

బుధవారం కూతురి వెనకే హైమవతి విచారణ గదిలోకి దూరింది. ఎవరాపినా ఆగలేదు. కంపెనీ అధికారి నవదీప్ మెమోలు ఒక్కొక్కటే చదివాడు. నాలుగో దానికి పొట్ట పట్టుకుని నవ్వాడు. పదో దానికి కళ్లు తుడుచుకున్నాడు. చివరికి, అన్నిట్లోనూ అదే సోమవారం, అదే తొమ్మిదిన్నర అని చూసేసరికి నవ్వాగిపోయింది.

"మళ్లీ ఇలాగే జరిగితే ఏం చేస్తావు?" అని తేజశ్రీని అడిగాడు.

"సేమ్, సర్. మ్యాప్ అబద్ధమాడితే పైకే."

"ఠీక్ హై. రేపు పొద్దున్న ఫ్లైటుకి వచ్చెయ్. ఈ మెమోలు పైలట్లందరికీ పంపుతాను."

"మమ్మీ, ప్లీజ్, యహా నహీ!" అని తేజశ్రీ చెయ్యి లాగుతున్నా సరే, హైమవతి ఆనందంతో వేసిన కేకకి బయట గార్డు పరిగెత్తుకొచ్చాడు.