తడిసిన బూట్లు

వాన తెరిపి ఇవ్వకముందే, ఆ చిన్న జమీ ఏలే మిట్టాదారు గుర్రం దిగి వసారా ఎక్కాడు. పేము కుర్చీలో కూలబడి, బురదోడుతున్న కుడికాలు ముందుకు చాచాడు. నోటితో పిలవలేదు. గుర్రాన్ని చూసుకునే ఆదిమూలానికి ఆ చాచిన కాలే పిలుపు.

మోకాలిదాకా ఉన్న ఆ బూటు ఊడాలంటే ఒక పద్ధతుంది. పనివాడు దొరకు వీపు తిప్పి నిలబడి, ఆ కాలిని తన తొడల మధ్య ఇరికించుకుని మడమ పట్టి లాగాలి. దొర రెండో కాలు వాడి నడుము కింద ఆనించి నెట్టాలి. నెట్టడమని పేరే గానీ, నెట్టడానికీ తన్నడానికీ తేడా మిట్టాదారుకు తెలియదు. తెలిసినా పట్టించుకునే రకం కాదు.

యుద్ధం వచ్చి పెట్రోలు కరువై కారు మూలపడితే ఆయనకు గుర్రం గుర్తొచ్చింది. గుర్రం వచ్చాక బూట్లు రాకుండా ఉంటాయా? మద్రాసు అంగడికి పొద్దున్నే పోయి కొన్నాడు. సాయంత్రానికి పాదం ఉబ్బుతుంది, అప్పుడొచ్చి తొడిగి చూసుకోండి, పిక్క దగ్గర వేలు దూరేంత సందుండాలి అని అంగడివాడు నెత్తీనోరూ కొట్టుకున్నాడట. పిక్కను అంటిపెట్టుకుంటేనే అందమని ఈయన బిగుతువే తెచ్చాడు. బూట్లు ఊడదీసుకునే చీలిక కొయ్య ఊరికే ఇస్తామన్నా, "మా ఇంట్లో మనుషులు లేరా?" అని వదిలేసి వచ్చాడు. ఆ మాట గొప్పగా నలుగురికీ చెప్పుకున్నాడు కూడా. ఆ మనుషులంటే ఆదిమూలమే.

బురద తుడిచేదీ, లోపల గడ్డి కూరి నీడన ఆరబెట్టేదీ, మైనం రుద్దేదీ అతడే. ఒకసారి తొందరపడి మిట్టాదారే వాటిని పొయ్యి పక్కన పెట్టిస్తే తోలు పగిలింది. తిట్లు మాత్రం ఆదిమూలం తిన్నాడు. ఆ ఇంట్లో గొడ్డు తోలుకున్న విలువ మనిషి తోలుకు లేదు.

పోయిన వారం బూటు లాగుతుంటే దొర అలా నెట్టినప్పుడే ఆదిమూలం మెట్ల మీద పడ్డాడు. భార్య కుప్పమ్మ బండి కట్టించుకుని ఆసుపత్రికి తీసుకుపోయింది. వెన్నుపూస జరిగిందనీ, అక్కడే ఇంకో దెబ్బ తగిలితే కాళ్ళు పడిపోతాయనీ డాక్టరు చెప్పాడు. ఈ పొద్దు పనికి బయల్దేరుతుంటే కుప్పమ్మ గుమ్మంలో అడ్డం నిలబడింది.

"పని పోతే కూలికి పోయి బతకతాం. నీ కాళ్ళు పోతే నిన్నెత్తుకోని నేను యాడ తిరిగేది?" అంది.

"ఏందిరా మొద్దు మాదిరి నిలబడినావు? లాగు," అన్నాడు వసారాలో మిట్టాదారు, చాచిన కాలు ఆడిస్తూ.

ఆదిమూలం ఎదురుగా మోకాళ్ళ మీద కూర్చుని మడమ పట్టి లాగాడు. తోలు నాని, లోపల పాదం వాచి, బూటు కదల్లేదు.

"ఇట్ల యాడొస్తాది? తిరుగు."

"ముందర కూసోనే లాగతాను సామీ. ఈపు తిప్పలేను. ఎన్నుపూస జరిగిండాదని డాక్టరు సెప్పినాడు."

"డాక్టరా నీకు జీతమిచ్చేది?"

"ఆపొద్దు తన్నినారు. ఇంగొక తన్ను పడితే నేను లేసేది లేదు."

"నెట్టినాన్రా. తన్నింది ఎప్పుడు?"

"మీ కాలికి నెట్టినట్టుంటాది సామీ. నా నడుముకు తన్నినట్టుంటాది."

మిట్టాదారు ముఖం జేవురించింది. "రేపు తెల్లారేసరికి గుడిసె ఖాళీ చెయ్యి."

దొర స్థలంలోని ఆ గుడిసెలోనే ఆదిమూలం పుట్టాడు, తండ్రి పోయిందీ అందులోనే. ఈ వానల్లో కుప్పమ్మను తీసుకుని ఎక్కడికి పోతాడు? ఒక్కసారి తిరిగి నిలబడితే గండం గడుస్తుంది. కానీ నడుము కింద నొప్పి సలుపుతూనే ఉంది. మోకాళ్ళ మీద చేతులు ఊనుకుని మెల్లగా లేచాడు.

"కాలీ సేస్తాను సామీ. ఈపు మాత్రం తిప్పను."

మిట్టాదారు వంటమనిషి గోవిందస్వామిని కేకేశాడు. అతడు గడప దాకా వచ్చి, చాచిన కాలినీ, ఆదిమూలాన్నీ చూశాడు.

"చేతులంతా పిండి సామీ," అని లోపలికి పోయాడు.

మిట్టాదారు తనే వంగాడు. పొట్ట అడ్డం వచ్చి చేతులు మడమను అందుకోలేదు.

ఆదిమూలం మెట్లు దిగాడు. గుర్రం మీద జీను ఇంకా అలాగే ఉంది. పట్టీ వదులు చేసి, జీను దించి, ఎండుగడ్డి పిడికిట పట్టుకుని దాని తడి ఒళ్ళు రుద్దసాగాడు. వెనక వసారాలో బూటు మడమ నేలకేసి కొట్టుకుంటున్న చప్పుడు ఆగి ఆగి వినిపిస్తోంది.