పొరపాటున కాదు

రొయ్యకు తల తుంచి, పెంకు ఒలిచి, వీపున గీత పెట్టి నల్ల నరం లాగెయ్యడం నాకు రెప్పపాటు పని. పదకొండేళ్ళు రొయ్యల షెడ్డులో అదే చేశాను. ఇంటికొచ్చాక అవే చేతులతో చేపలు తోమి, పులుసు పెట్టి, మా అత్త ఆదిశేషమ్మకు ముళ్ళు తీసి పెట్టేదాన్ని. “దానికేముండాది, కూర్చుని చేసే పనే గదా” అనేవాడు మా ఆయన గంగాధరం. షెడ్డులో కూర్చోనివ్వరు. ఐసు నీళ్ళలో నిలబడే ఒలవాలి. ఇన్నేళ్ళలో ఒక్కరోజన్నా వచ్చి చూస్తే కదా ఆయనకు తెలిసేది.

మొన్న వేసవిలో ఆ షెడ్డు సూపర్‌వైజరు నరేంద్రబాబు ఐసు గదిలో నా నడుం పట్టుకున్నాడు. చేతిలో ఉన్న రొయ్యల తట్ట వాడి మొహాన కొట్టాను. సాయంత్రానికి నన్ను పనిలోంచి తీసేశాడు.

మా జాలర్ల పాలెంలో ఏ తగువైనా ముందు ఊరి పెద్దల దగ్గరికే పోవాలి, వాళ్ళనే మేం కాపులంటాం. పోలీసుల గడప తొక్కకూడదన్నది కట్టుబాటు. కాపుల ముందు ఆడది మాట్లాడకూడదన్నది ఇంకో కట్టుబాటు. ఆమె తరఫున ఇంటి మగవాడు చాప మీద కూర్చుని చెబుతాడు, ఆమె తాటాకు దడి వెనకాల నిలబడి వింటుంది. నేనూ నిలబడ్డాను. నడుం నాది, నోరు ఆయనది. ఆయన పడవకు ఐసు పోసేది ఆ షెడ్డే మరి. “ఇరుకు జాగా గదా, పొరపాటున చెయ్యి తగిలినట్టుండాది” అన్నాడు. కాపులు తలలూపి అదే మాట కాగితం మీద రాయించారు. ఆయన సంతకం పెట్టేశాడు. దడి ఆకులు నా గుప్పిట్లో పొడైపోయాయి గానీ నా నోరు పెగల్లేదు. ఆ రాత్రి నా మీద నాకే అసహ్యం వేసింది.

“పోయిందేముండాదిమే” అంది అత్త. పని పోయింది, మాట పోయింది. ఆమె లెక్కలో అవి రెండూ లేవు.

మర్నాడు వంట చేసి పెట్టి ఒక్కదాన్నే ఆటో ఎక్కి స్టేషనుకు పోయాను. “మీ ఆయనే పొరపాటని సంతకం పెట్టినాడు, మళ్ళా నీదేంది? కేసు గీసూ లేదు, మీ కాపులకాడే తేల్చుకోండి” అన్నాడు ఎస్సై. మూడుసార్లు తిరిగాను. మూడోసారి ఒక కానిస్టేబులు ముక్కుకు రుమాలు అడ్డం పెట్టుకున్నాడు. రొయ్యల వేపుడు తినేటప్పుడు ఆ వాసన రాదు కాబోలు.

నెల్లూరు కోర్టులో ఉచితంగా వాదించే లాయరమ్మ ఉందని విని పోయాను. భానుప్రియ మేడమ్ అంతా విన్నది. “స్టేషన్లో రాసుకోకపోతే దారి మూసుకుపోయినట్టు కాదక్కా. జరిగింది రాసి ఎస్పీ గారికి రిజిస్టరు పోస్టు చెయ్యి, రసీదు జాగ్రత్త. అక్కడా కదలకపోతే మెజిస్ట్రేటు ముందు అర్జీ వేద్దాం. ఇది నిజమని ప్రమాణం చేసి నువ్వు సంతకం పెట్టాల” అంది.

“మా ఆయన సంతకం అక్కర్లేదా?”

ఆమె పెన్ను ఆపి చూసింది. “పట్టుకునింది ఆయన నడుమా?”

ఇద్దరం పగలబడి నవ్వాం. నెల తర్వాత నాకు వచ్చిన మొదటి నవ్వు అది.

నాది ఐదో తరగతి చదువు. పొయ్యి మీద అన్నం ఉడుకుతుంటే పక్కన పీట మీద కాగితం పెట్టుకుని రాశాను. “రాస్తే కడుపు నిండతాదా?” అన్నాడు మా ఆయన. నిండింది. అక్షరాలు వంకరే, మాట మాత్రం సూటిగా ఉంది. పోస్టు చేశాను. నెలన్నర చూసినా జవాబు లేదు. ఆ రసీదుతోనే మెజిస్ట్రేటు దగ్గరికి పోయాం. ఆయన నా ప్రమాణపత్రం చదివి, పోలీసుల వివరణ అడిగి, కేసు నమోదు చెయ్యమని ఆర్డరు వేశాడు.

ఈరోజు అదే స్టేషనులో నాకు కుర్చీ వేశారు. ఎఫ్ఐఆర్ రాసి, లేడీ కానిస్టేబులు నాకు చదివి వినిపించింది. ఫిర్యాదుదారు, వనజాక్షి. ఐసు గది, తట్ట, నా నడుం, అన్నీ నేను చెప్పినట్టే ఉన్నాయి. ‘పొరపాటున’ అన్న మాట వెతికినా లేదు. కేసు గెలుస్తానో లేదో నాకు తెలియదు. కాపీ చేతికి తీసుకుని బయటికి వస్తుంటే మాత్రం మహా గర్వంగా అనిపించింది. పెళ్ళినాడు కూడా అంత గర్వపడలేదు నేను.

ఇంటికొచ్చి చేపలు తోముతున్నాను. మా ఆయన వగరుస్తూ వచ్చాడు. “కట్టుబాటు దాటినామని కాపులు మండిపడతా ఉండారు. రేపు పొద్దున రమ్మన్నారు. నేనేం చెప్పాల్నో చెప్పి చావు.”

చేతులకంటిన పొలుసు కడుక్కుని, ఎఫ్ఐఆర్ కాగితం మడిచి సంచిలో పెట్టుకున్నాను.

“నువ్వేం చెప్పే పన్లేదు. రేపు చాప మీద నేను కూర్చుంటా. నువ్వు దడెనకాల నిలబడి విను.”